ఆట రాత్రి నన్ను పిలవకండి

ఇంట్లో ఇల్లాలు కాసేపు తీరిగ్గా కూర్చుంటే ఎవరూ కాదనరు. కాకపోతే ఒక్క షరతు. పిలిస్తే లేవాలి.

సీరియల్ చూడొచ్చు, చిక్కుడుకాయలకి ఈనెలు తీస్తూ. పాటలు వినొచ్చు, బట్టలు మడతపెడుతూ. అమ్మతో ఫోన్లో మాట్లాడొచ్చు, గిన్నెలు తోముతూ. నేను తెలుగు బి.ఏ. చదివినదాన్ని. ఈ 'తూ' చివరన వచ్చే క్రియని మా లెక్చరరు గారు శత్రర్థకం అనేవారు. ఒక పని జరుగుతుండగా ఇంకో పని జరగడం అన్నమాట. ఇల్లాలి తీరికంతా శత్రర్థకమే. ఏదో ఒకటి చేస్తూ చూడ్డమే తప్ప, ఒట్టిగా "చూసింది" అని ముగిసే వాక్యం మనకి రాసిపెట్టి లేదు.

నేను ఐస్ హాకీ చూస్తాను. ఏప్రిల్ మధ్యలో ప్లేఆఫ్స్ మొదలైతే, మా డల్లాస్ స్టార్స్ జట్టు బరిలో ఉన్నంతకాలం, ఆట నడుస్తుండగా ఎవరు పిలిచినా లేవను. నా మీద ఇంటా బయటా ఉన్న కంప్లయింటు ఇదొక్కటే. "హాకీ చూస్తుంది" అని ఎవరికీ బాధ లేదు, నిజం చెప్పాలంటే. "లేవదు" అన్నదే బాధ. ఈ మాట ఎవరూ పైకి అనరు కాబట్టి, హాకీ మీద పెట్టి అంటారు. వాళ్ళకి ఒక్కసారి ఓపిగ్గా జవాబు చెబుదామని కూర్చున్నాను.

ముందు ఈ ప్లేఆఫ్స్ ఏమిటో తెలియనివాళ్ళకి రెండు ముక్కలు. అమెరికా, కెనడాల్లో 32 జట్లు అక్టోబర్ నుంచి ఏప్రిల్ దాకా ఆడతాయి. అందులో 16 మిగులుతాయి. ఆ తర్వాత నాలుగు అంచెలు. ఒక్కో అంచెలో ఒకే ప్రత్యర్థితో ఏడు మ్యాచ్‌ల వరకు. ముందు నాలుగు గెలిచినవాళ్ళు పైకి, రెండోవాళ్ళు ఇంటికి. అంటే కప్పు కావాలంటే 16 మ్యాచ్‌లు గెలవాలి. అందుకు 28 దాకా ఆడాల్సి రావచ్చు. దాదాపు రోజు విడిచి రోజు, రెండు నెలలు. మొదటి రెండూ ఒకరి ఊళ్ళో, తర్వాతి రెండూ రెండోవారి ఊళ్ళో, ఆ తర్వాత ఒక్కోటి అటూ ఇటూ.

ఈ షెడ్యూలు ముందే పూర్తిగా చేతికి రాదు. ఒక అంచె అయితే గానీ తర్వాతి అంచెలో ఎవరితో, ఎప్పుడో తేలదు. వచ్చిన కాగితంలో కూడా అయిదో మ్యాచ్, ఆరో మ్యాచ్, ఏడో మ్యాచ్ పక్కన చిన్న చుక్క గుర్తు పెట్టి, కింద "అవసరమైతే" అని రాస్తారు. ఎవరైనా నాలుగు ముందే గెలిచేస్తే ఇక ఆ మ్యాచ్‌లు ఉండవు.

"ఉంటుందో ఉండదో తెలియని దానికోసం శనివారం ఖాళీగా పెట్టుకుంటావా?" అని నన్ను నవ్వుతారు. ఆ నవ్వేవాళ్ళని ఒకటి అడుగుతాను. మన బతుకంతా ఆ "అవసరమైతే" కాదా? అవసరమైతే ఊరినించి వాళ్ళని ఎయిర్‌పోర్టులో దింపు. అవసరమైతే పది మందికి వండు. అవసరమైతే పిల్లవాడి ప్రాజెక్టుకి రాత్రి పన్నెండింటికి అట్టముక్కలు కత్తిరించు. పెళ్ళయిన ఈ ఇరవై ఏళ్ళలో ఎన్ని శనివారాలు ఇతరుల "అవసరమైతే" కోసం ఖాళీగా పెట్టుకుని కూర్చున్నానో లెక్క లేదు. అప్పుడు ఎవరికీ నవ్వు రాలేదు. చేదర్థకం నా కోసం వాడుకుంటేనే వచ్చింది.

ఇక్కడ మా ఊరి సంగతి కొంచెం చెప్పాలి. మాది డల్లాస్ పక్కన ఫ్రిస్కో. తెలుగువాళ్ళు ఎంతమంది ఉన్నారంటే కరివేపాకు మొక్క పిలక అడిగితే వీధిలో నాలుగిళ్ళు పలుకుతాయి. ఇదే ఊళ్ళో స్టార్స్ జట్టు సాధన చేస్తుంది. మా అమ్మాయి చిన్నప్పుడు స్కేటింగ్ నేర్చుకుంటానంటే తీసుకెళ్ళేదాన్ని. హెచ్-4 వీసా మీద వచ్చి, ఉద్యోగం లేక, పిల్లని దింపి తీసుకురావడమే పనిగా ఉన్న రోజులు. శాలువా కప్పుకుని గాజుగోడ ఇవతల వణుకుతూ కూర్చుంటే, లోపల మంచు మీద ఇనుప బద్దీ గీసే చప్పుడు వినపడేది. అలా ఎక్కింది నాకు ఈ ఆట. ఊరంతా ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అన్నట్టు, చుట్టూ అందరికీ క్రికెట్ అయితే నాకు హాకీ అయింది.

మిగతా ఆటల సంగతేమో గానీ, హాకీని శత్రర్థకంలో చూడలేం. పక్ అని నల్లటి రబ్బరు బిళ్ళ ఉంటుంది, మన అరచేతిలో పట్టేంత. అది అటునుంచి ఇటు రావడానికి క్షణం పట్టదు. కూరలో ఉప్పు చూసి వచ్చేలోపు గోల్ అయిపోతుంది. మళ్ళీ వేసి చూపిస్తారులే అంటారు. చూపిస్తారు, కానీ అది అయిపోయినదాన్ని చూడ్డం. అవుతున్నదాన్ని చూడ్డం వేరు. క్రికెట్‌లో బంతికీ బంతికీ మధ్య టీ పెట్టుకోవచ్చు. ఇక్కడ 20 నిమిషాల భాగాలు మూడు, మధ్యలో ఒక్కో విరామం 18 నిమిషాలు. ఆ విరామంలో అన్నం వడ్డిస్తాను, పాలు తోడు పెడతాను, పొద్దున్నకి పప్పు నానబోస్తాను. అడిగినవన్నీ చేస్తాను. ఆట మొదలయ్యాక మాత్రం సోఫాలోంచి లేవను.

2025 మే 3, శనివారం. మొదటి అంచెలో కొలరాడోతో ఏడో మ్యాచ్. "అవసరమైతే" అన్న మ్యాచ్ అవసరమైంది. ఓడితే ఆ ఏడాదికి అంతే. అదే సాయంత్రం మా ఆయన పెద్దనాన్నగారి అమ్మాయి, నాకు వదినగారి వరస, కొత్తింట్లో భోజనాలకి పిలిచారు. గృహప్రవేశం ఆ ముందు వారమే అయింది. దానికి పొద్దున్నే వెళ్ళి రాత్రి దాకా ఉండి వచ్చాను. ఇది చుట్టపక్కాలకి మిగిలిపోయిన విందు. పులిహోర కలిపి డబ్బాలో పెట్టి మా ఆయనకిచ్చి పంపాను. వదినగారికి ముందురోజే ఫోన్ చేసి, రానని, ఎందుకు రానో కూడా చెప్పాను. తలనొప్పి అని చెప్పి ఉంటే ఏ గొడవా లేదు. నాలుగు రోజులు జాలిపడేవారు. నిజం చెప్పాను కాబట్టి తప్పయింది. "మ్యాచ్ ఉందని రాలేదుట!" అన్న మాట ఆ రాత్రి వాట్సాప్‌లో సముద్రాలు దాటి తెనాలిలో మా అత్తయ్యగారి దాకా వెళ్ళింది.

ఆమె పొద్దున్నే ఫోన్ చేశారు. "అమ్మాయ్, ఆ ఆటలో బంతి కూడా కనపడదుటగా?" అన్నారు.

"కనపడుతుందండీ అత్తయ్యగారూ, కన్నార్పకపోతే" అన్నాను.

"అదా సంగతి, అందుకే లేవవన్నమాట" అన్నారావిడ. ఆవిడకి ఒక్క మాటలో అర్థమైంది. ఇక్కడివాళ్ళకే ఇంకా కాలేదు.

ఇంతకీ ఆ రాత్రి ఏమైందో చెప్పనివ్వండి. మూడో భాగం మొదలై నిమిషం కాకుండానే మావాళ్ళు 0–2తో వెనకబడ్డారు. మా జట్టులో మిక్కో రాంటనెన్ అని ఫిన్లాండ్ అబ్బాయి. 2022లో కొలరాడో కప్పు గెలిచినప్పుడు ఆ జట్టులో ఉన్నవాడు. 2025 జనవరిలో వాళ్ళు అతన్ని కరొలైనాకి ఇచ్చేశారు. అక్కడా ఇమడక మార్చిలో డల్లాస్ వచ్చాడు. ఆ రాత్రి మూడో భాగంలోనే మూడు గోల్స్ కొట్టాడు, తనని వద్దనుకున్నవాళ్ళ మీద. జేసన్ రాబర్ట్‌సన్, మిరో హైస్కనెన్ లాంటి ముఖ్యమైనవాళ్ళు దెబ్బలతో పక్కన కూర్చున్న జట్టు 4–2తో గెలిచింది. ఆ 20 నిమిషాల్లో నేను ఎవరికీ అమ్మనీ, భార్యనీ, కోడలినీ కాను. ఊపిరి బిగబట్టి కూర్చున్న ఒక మనిషిని. ఆ కాసేపూ ఎవరికోసమో కాకుండా ఉండటం ఎలా ఉంటుందో అనుభవించినవాళ్ళకి చెప్పక్కర్లేదు. అనుభవించనివాళ్ళకే ఈ వ్యాసం.

ఇప్పుడు అభ్యంతరాలు ఒక్కొక్కటే చూద్దాం.

మొదటిది: "రికార్డు చేసుకుని రేపు చూసుకోవచ్చుగా?" చాలా మెత్తగా, మన మేలు కోరుతున్నట్టు చెప్పే మాట ఇది. ఒక్కసారి ఆలోచించండి, ఆడవాళ్ళకి చెప్పే ప్రతి సలహా ఇదే కదా? పిల్లలు కాస్త పెద్దయ్యాక చదువుకోవచ్చుగా. ఆయన ప్రాజెక్టు అయ్యాక ఊరెళ్ళొచ్చుగా. అందరూ తిన్నాక తినొచ్చుగా. వాయిదా వేసుకోగలిగినది ఏదైనా ఇంట్లో మనదే అవుతుంది. ప్లేఆఫ్స్ వాయిదా పడవు. తెల్లారేసరికి ఫోనూ, పక్కింటివాళ్ళూ, పచారీ కొట్టులో టీవీ స్కోరు చెప్పేస్తాయి. పైగా మామూలు సీజన్‌లో సమానమైతే అయిదు నిమిషాల చిన్న ఆటతోనో, పెనాల్టీ షాట్లతోనో తేల్చేస్తారు గానీ, ప్లేఆఫ్స్‌లో అదేం ఉండదు. ఎవరో ఒకరు గోల్ కొట్టేదాకా 20 నిమిషాల భాగాలు ఒకదాని తర్వాత ఒకటి ఆడుతూనే ఉంటారు. ఒక్క గోల్ పడిందా, అక్కడికి సరి. 1936 మార్చి 24న డెట్రాయిట్, మాంట్రియల్ మరూన్స్ జట్లు ఆరు ఓవర్‌టైమ్‌లు ఆడాయి. మొదటి గోల్ పడేసరికి తెల్లవారుజాము రెండు దాటింది. అలాంటిది ఫలితం తెలిసిపోయాక చూడ్డమంటే, పేలిపోయిన టపాకాయకి మళ్ళీ అగ్గిపుల్ల గీయడం.

రెండోది: "ఇంటావిడే అలా కూర్చుంటే ఇల్లెలా నడుస్తుంది?" అయ్యా, అమ్మా, మన ఇళ్ళు ఒక్క మనిషి కోసం ఎంత బాగా సర్దుకోగలవో నాకు తెలుసు. నేను సర్దినదాన్నే కదా. మా తమ్ముడు ఇంటర్ రెండో సంవత్సరం చదివిన ఏడాదంతా మా ఇంట్లో టీవీకి దుప్పటి కప్పారు. మా నాన్నగారు దగ్గాలన్నా పెరట్లోకి వెళ్ళేవారు. మా మరిది అయ్యప్ప మాల వేసుకున్న ప్రతిసారీ 41 రోజులు ఇంటి వంటగది తీరే మారిపోయేది. తెల్లవారకుండా లేచి తలస్నానం, వేరే గిన్నెలు, స్వాములకి భిక్షలు. మా అత్తయ్యగారూ నేనూ చేశాం, భక్తిగానే చేశాం, ఇష్టంగానే చేశాం. దాన్ని నేనేమీ అనడం లేదు. హాకీ ఆటగాళ్ళు కూడా ప్లేఆఫ్స్ అయ్యేదాకా గడ్డం గీసుకోరు. 1980ల్లో న్యూయార్క్ ఐలాండర్స్ జట్టుతో మొదలైందంటారు ఆ ఆచారం. దీక్షకీ ఆటకీ పోలిక పెడుతున్నానని కోప్పడకండి. నేను చెప్పేది ఒక్కటే: ఇల్లు సర్దుకోలేదు అన్నది అబద్ధం. మగపిల్లవాడి చదువుకి, మగవాడి మొక్కుకి సర్దుకున్న ఇల్లు, నా రెండున్నర గంటలకి సర్దుకోలేనంటే, అది చేతకాకపోవడం కాదు, ఇష్టం లేకపోవడం.

మూడోది క్రికెట్ వాళ్ళది. మాకు ఐపీఎల్ మ్యాచ్ పొద్దున్న తొమ్మిదింటికి మొదలవుతుంది. ఏప్రిల్, మే నెలల్లో ఈ ఊళ్ళో ఎన్ని ఇళ్ళలో ఆఫీసు కంప్యూటరు పక్కన రెండో తెర మీద హైదరాబాద్ జట్టు ఆడుతూ ఉంటుందో నాకు తెలుసు. "మీటింగ్‌లో ఉన్నాను" అంటే ఏ మీటింగో భార్యలందరికీ తెలుసు. 2024 జూన్ 6, గురువారం, మాకు దగ్గర్లోని గ్రాండ్ ప్రెయిరీలో ప్రపంచకప్ మ్యాచ్ జరిగింది. అమెరికా జట్టు సూపర్ ఓవర్లో పాకిస్తాన్‌ని ఓడించింది. పనిరోజు అయినా మాకు తెలిసిన మగవాళ్ళు సగంమంది సెలవు పెట్టి వెళ్ళారు. ఏ పెద్దమ్మా వాళ్ళ అమ్మకి ఫోన్ చేసి "మీవాడు మ్యాచ్‌కని పని మానేశాట్ట" అని చెప్పలేదు. మా ఆయన కూడా వెళ్ళాడు. సంతోషంగా వెళ్ళమన్నాను, పెరుగన్నం కట్టిచ్చాను. ఆట ఇష్టమైన మనిషి బాధ నాకు తెలుసు కదా. ఆ తెలుసుకోవడం రెండు వైపులా ఉండాలంటున్నాను, అంతే.

నాలుగోది ఆడవాళ్ళే అంటారు: "అదేం ఆటండీ, గోడకేసి గుద్దుకోవడం! అది మగవాళ్ళ ఆట." గుద్దుకోవడం నిజమే. నాకూ నచ్చని విషయమే. తలకి దెబ్బ తగిలినవాణ్ణి మళ్ళీ మంచు మీదకి దింపితే నేను టీవీ మీద అరుస్తాను. ఎవరికి ఏం దెబ్బో చెప్పకుండా "శరీరం పై భాగంలో గాయం", "కింది భాగంలో గాయం" అని దాచిపెట్టే పద్ధతి అంతకన్నా నచ్చదు. కానీ మగవాళ్ళ ఆట అంటే ఒప్పుకోను. ఈ స్టాన్లీ కప్పు ఇచ్చిన లార్డ్ స్టాన్లీ కెనడాకి గవర్నర్ జనరల్. ఆయన 1892లో ఈ కప్పు ఇవ్వడానికి కారణం ఇంట్లో పిల్లల హాకీ పిచ్చి. ఆ పిల్లల్లో ఇసబెల్ అని కూతురు కూడా ఉంది. పొడుగు గౌను వేసుకుని కర్ర పట్టుకుని ఆడేది. ఆడవాళ్ళ హాకీ గురించి చెప్పుకునేటప్పుడు మొదట వచ్చే పేర్లలో ఆవిడది ఒకటి. కప్పు మీద గెలిచినవాళ్ళ పేర్లు చెక్కుతారు. డెట్రాయిట్ జట్టు అధ్యక్షురాలు మార్గరీట్ నారిస్ పేరు 1954లోనే దాని మీదకి ఎక్కింది, మొట్టమొదటి ఆడపేరు. 2024 జనవరి నుంచి ఆడవాళ్ళ ప్రొఫెషనల్ లీగ్ ఒకటి నడుస్తోంది. మొదటి రెండేళ్ళూ మిన్నెసోటా గెలిచింది. మా అమ్మాయి ఆ మ్యాచ్‌లు కూడా నా పక్కన కూర్చుని చూస్తుంది. ఆ పిల్లకి "ఇది ఎవరి ఆట" అన్న అనుమానమే రాలేదు.

అయిదోది అన్నిటికన్నా గట్టిది, దాన్ని తప్పించుకోను. "నువ్వు ఇంట్లో ఉంటావు కాబట్టి నీకు ఈ సరదాలు. పొద్దున్న ఉద్యోగానికి వెళ్ళి సాయంత్రం వంట చేసుకునేవాళ్ళకి ఏడు మ్యాచ్‌లు చూసే ఓపికెక్కడిది?" నిజమే. రాత్రి ఎనిమిదిన్నరకో తొమ్మిదికో మొదలయ్యే ఆట, రెండు ఓవర్‌టైమ్‌లు పడితే అర్ధరాత్రి దాటుతుంది. 2024 మే నెలలో డెన్వర్‌లో కొలరాడోతో ఆరో మ్యాచ్ అలాగే రెండో ఓవర్‌టైమ్‌లోకి వెళ్ళింది. మాట్ డుషేన్ గోల్‌తో గెలిచాం. పొద్దున్న ఆరింటికి లేచి లంచ్ డబ్బా కట్టాల్సిన మనిషి ఒకరు చూస్తూ ఉంటుందని ఆ షెడ్యూలు వేసినవాళ్ళు ఎప్పుడైనా అనుకున్నారా? టీవీ వాళ్ళకి ఏది లాభమో అదే టైము. వడ్డించేవాడు మనవాడైతే కడపంక్తిన కూర్చున్నా ఫరవాలేదు. ఇక్కడ వడ్డించేవాడు మనవాడు కాడు.

కానీ ఆ ఉద్యోగం చేసే చెల్లెళ్ళకి ఒకటి చెప్పాలి. మీకు ఓపిక లేకపోవడానికి నేను చూసే హాకీ కారణం కాదు. రెండు ఉద్యోగాలు ఒకరే చేయడం కారణం. "నాకు లేదు కాబట్టి నీకెందుకు" అని మనలో మనం అనుకున్నంతకాలం ఆ రెండో ఉద్యోగం మన మీదే ఉంటుంది. ఇంట్లో ఉండే ఆడదానికి సంపాదన లేదు కాబట్టి తీరిక అడిగే హక్కు లేదంటారు. సంపాదించే ఆడదానికి టైము లేదు కాబట్టి తీరిక లేదంటారు. రెండు కారణాలూ వేరైనా తేలేది ఒకటే. ఎలా చూసినా తీరిక మన వాటాకి రావడం లేదంటే, లోపం మన ఉద్యోగంలోనూ లేదు, ఉద్యోగం లేకపోవడంలోనూ లేదు.

"ఇంతా చేసి నీ జట్టు గెలిచిందా?" అని చివరగా ఒక దెప్పు ఉంటుంది. లేదు. స్టార్స్ కప్పు గెలిచింది 1999లో ఒక్కసారే. అదీ బఫలో మీద ఆరో మ్యాచ్‌లో, మూడో ఓవర్‌టైమ్‌లో, బ్రెట్ హల్ కొట్టిన గోల్‌తో. ఆ గోల్ చెల్లుతుందా చెల్లదా అని ఇప్పటికీ కొట్టుకుంటారు. అప్పుడు నేను డిగ్రీ చదువుతూ గుంటూరులో ఉన్నాను, హాకీ అంటే ధ్యాన్‌చంద్ అనుకునే రోజులు. 2020లో ఫైనల్ దాకా వెళ్ళి టాంపా బే చేతిలో ఓడాం. 2023లో, 2024లో, 2025లో వరసగా మూడేళ్ళు మూడో అంచెలోనే ఆగిపోయాం. మొదట లాస్ వేగస్ చేతిలో, తర్వాత రెండుసార్లు ఎడ్మంటన్ చేతిలో. గెలుపు కోసమే చూసేదాన్నయితే ఎప్పుడో మానేసేదాన్ని. కానీ లాభం ఉంటేనే ఆడదానికి తీరిక ఇవ్వాలన్న లెక్క నాకు ఎక్కదు. మనం చేసే ప్రతిదీ ఎవరికో పనికిరావాలి. యోగా చేస్తే ఇంటిల్లిపాదికీ ఆరోగ్యంగా వండిపెట్టడానికి, పుస్తకం చదివితే పిల్లలకి చెప్పడానికి, పాట నేర్చుకుంటే దసరా బొమ్మల కొలువులో పాడటానికి. నా హాకీ ఎవరికీ పనికిరాదు. అదే దాని గొప్ప.

ఇంతకీ మా ఇంట్లో ఏం జరుగుతుందో కూడా చెబుతాను, గొప్పలు కాదు గానీ, చేయాలనుకునేవాళ్ళకి పనికొస్తుందని. ప్లేఆఫ్స్ షెడ్యూలు రాగానే ఇంటి క్యాలెండర్ మీద అందరికన్నా ముందు నా మ్యాచ్‌లు రాస్తాను, "అవసరమైతే" ఉన్నవాటితో సహా. గ్రాడ్యుయేషన్ పార్టీలూ, హాఫ్ శారీ ఫంక్షన్లూ అన్నీ మే నెలలోనే పడతాయి కాబట్టి, వాటికి ఒప్పుకునేముందు మా ఆయన క్యాలెండర్ చూసి అప్పుడు ఫోన్లో మాట్లాడతాడు. పొద్దుటి మ్యాచ్ అయినప్పుడు నేను ఆయన జోలికి వెళ్ళను, రాత్రి మ్యాచ్ అయినప్పుడు ఆయన నా జోలికి రాడు. ఆట రాత్రుళ్ళు అంట్లు ఆయన వంతు. మొదటి ఏడాది మూతికి ముడి పడింది. రెండో ఏడాది అలవాటైంది. మూడో ఏడాది "ఇవాళ గోలీ ఎవరు?" అని ఆయనే అడిగాడు. దీనికి విప్లవం ఏమీ అక్కర్లేదు. ఒక కాగితం, ఒక పెన్ను, "రాను" అని తలనొప్పి సాకు చెప్పకుండా చెప్పగలిగే నోరు చాలు.

మీరు హాకీ చూడమని నేను చెప్పడం లేదు. మీకు కబడ్డీ ఇష్టం కావచ్చు, నవల ఇష్టం కావచ్చు, మధ్యాహ్నం తలుపేసుకుని నిద్రపోవడం ఇష్టం కావచ్చు. అది ఏదైనా సరే, 'తూ' లేకుండా చేయండి. చేతిలో చిక్కుడుకాయలు పెట్టుకోకండి. పిలుపు వస్తుందని ఒక చెవి అటు వేసి ఉంచకండి. పిలిచినవాళ్ళు రెండుసార్లు పిలుస్తారు, మూడోసారి లేచి వాళ్ళే మంచినీళ్ళు పోసుకుంటారు. ఎవరికీ ఏమీ కాదు. నేను చూశాను.